ఒక కాగితము - రెండు గడులు

ప్రతి సంవత్సరమును జూన్ మాసము వచ్చినదనిన మా పాఠశాల కార్యాలయమున ట్రాన్స్‌ఫరు సర్టిఫికెట్లు వ్రాయుపని ప్రారంభమగును. మేము తెలుగు పండితులమే యైనను, దస్తూరి కుదురుగా నుండునన్న కారణముచేత, ఆ పని యిరువది యేండ్లకు పైగా మాకే అప్పగింపబడియున్నది. ఆ కాగితమున గడులు చాల గలవు. విద్యార్థి పేరు, తలిదండ్రుల పేర్లు, పుట్టినతేది, చేరిన తరగతి, విడిచిన తరగతి, చెల్లింపవలసిన బాకీ, నడవడి; ఇట్లు పైనుండి క్రిందివరకు నిండియుండును. వీనిలో రెండు గడులను గూర్చి యీ సంవత్సరపు సంచికలో కొన్ని మాటలు వ్రాయదలచితిమి. ఒకటి పుట్టినతేది, రెండవది నడవడి. మొదటి గడిలో మేము వ్రాసిన అంకెలు ఒక బాలుని ఆపదనుండి కాపాడినవి. రెండవ గడిలో మేము వ్రాసిన రెండు మాటలు ఆ బాలునే బడికి దూరము చేసినవి. రెండును మా చేతివ్రాతయే.

ఆ బాలుని పేరు ఇచట వ్రాయము. ఏల వ్రాయరాదో చదువరులకు ముందుముందు తెలియగలదు.

యూసుఫ్‌గూడను ఎరుగనివారికై ఒకటి రెండు మాటలు చెప్పవలసియున్నది. మా పేటకు ఒకవైపున జూబిలీహిల్స్ గుట్టలును, వానికావల ఫిలింనగరును, మఱియొకవైపున అమీర్‌పేట. నడుమ పోలీసు ప్రథమ పటాలపు మైదానము, కోట్ల విజయభాస్కరరెడ్డిగారి పేర వెలసిన క్రీడామందిరము, కృష్ణకాంత్ ఉద్యానవనము కలవు. వీని చెంతనే కృష్ణానగరు. తెలుగు చలనచిత్రములు మదరాసునుండి హైదరాబాదునకు తరలివచ్చినపిమ్మట, తెరమీద ముఖము కనబడనివారును, కనబడినను పేరు తెలియనివారును కాపురమునకు చేరిన చోటు ఇదియే. లైట్లు మోయువారు, షూటింగులలో వంటచేయువారు, జూనియర్ ఆర్టిస్టులు, దుస్తులు ఇస్త్రీచేయువారు ఈ సందులలో ఒక్కొక్క గదిని అద్దెకు తీసికొని యుందురు. తెల్లవారకముందే బస్సులు వచ్చి వీరిని తీసికొనిపోవును. ఏ రాత్రివేళనో తెచ్చి దింపును. వీరి పిల్లలు పెక్కుమంది మా బడిలో చదువుకొనుచున్నారు.

మా యూసుఫ్‌గూడలోనే స్త్రీ శిశు సంక్షేమశాఖవారి ఆవరణము కూడ కలదు. శిశువిహారమును, స్టేట్‌హోమును అందున్నవి. ఆ గోడ ప్రక్కగా మేము ఎన్నియేండ్లు నడచితిమో లెక్కలేదు. దిక్కులేని పసివారును, నిలువనీడలేని స్త్రీలును లోపల నున్నారని మాత్రమే వినియుంటిమి. పిల్లలకొఱకు చేయబడిన చట్టములు ఆ గోడ లోపలివారికే గాని, తల్లియు తండ్రియు బడియు గల మా విద్యార్థులకు సంబంధించినవి కావని మా మనస్సున ఒక తలంపు స్థిరపడియుండెను. ఆ తలంపు తప్పని తెలియుటకు చాలకాలము పట్టినది.

ఇంక ఆ బాలుని సంగతి. అతని తలిదండ్రులు గోదావరిజిల్లానుండి వచ్చినవారు. తండ్రి లైట్‌మ్యాను, తల్లి జూనియర్ ఆర్టిస్టు. వాడు మా బడిలో ఐదవతరగతిలో చేరెను. చురుకైనవాడు, పద్యము ఒకసారి వినిన అప్పగించెడివాడు. ఏడవతరగతికి వచ్చునప్పటికి నెలకు నాలుగైదు దినములు బడికి రాకుండుట మొదలుపెట్టెను. షూటింగులలో పిల్లల గుంపు కావలసినప్పుడు తల్లితోకూడ పోయెడివాడని తోటిపిల్లలు చెప్పిరి. మేము హాజరుపట్టీలో గీత గీసితిమే కాని, ఎచటికి పోయెను, ఎన్నిగంటలు నిలిచెను, వచ్చిన డబ్బేమాయెను అని ఒకనాడును అడిగియుండలేదు. అతడు ఆ పనికి పోయిన దినములలో స్పష్టమైన నియమములును లేకుండెను. 2016లో బాలకార్మిక చట్టమును సవరించి, 2017లో నియమములను చేర్చినపిమ్మట, పదునాలుగేండ్లు నిండని పిల్లలను చలనచిత్రములలో పెట్టుకొనువారు జిల్లా మేజిస్ట్రేటువారి అనుమతి పొందవలెననియు, దినమునకు ఐదుగంటలకు మించియు, విరామము లేక మూడుగంటలకు మించియు పనిచేయింపరాదనియు, సంపాదనలో కనీసము నూటికి ఇరువదిపాళ్లు ఆ బిడ్డ పేరనే జాతీయబ్యాంకులో నిలువ చేయవలెననియు ఏర్పడినది. మన పేటలోని తలిదండ్రులు దీనిని తెలిసికొనియుండుట మంచిది.

తొమ్మిదవతరగతికి వచ్చిన యేట, అనగా 2017 నవంబరు మాసమున, ఒకనాడు తెల్లవారుజామున బడి తలుపులు తీయకముందే ఆ తల్లి గేటువద్ద నిలుచుండెను. రాత్రి షూటింగునుండి తిన్నగా వచ్చినట్లున్నది. ముఖమునకు పూసిన రంగు ఇంకను పూర్తిగా పోలేదు.

"మాస్టారండీ, మావాణ్ణి రాత్రి స్టేషనుకి తీసుకెళ్లారండి. సెల్‌ఫోన్ల దొంగతనమంటున్నారండి. వాడు పొడుగ్గా ఉన్నాడని పద్దెనిమిది దాటాయంటున్నారండి. పదిహేనేళ్లేనండి వాడికి. పుట్టినతేదీ కాయితం బడినుంచి తెస్తే చాలని ఒకాయన చెప్పాడండి."

ఆమె బిడ్డను పల్లెటూరిలో కనియుండెను. పురపాలకసంఘపు జననపత్రము వారివద్ద లేదు. ఉన్న ఆధారమంతయు మా ప్రవేశపు రిజిష్టరులోని ఒక పంక్తి. మేము పుస్తకము తీసి, తేది చూచి, కాగితముమీద వ్రాసి, ప్రధానోపాధ్యాయులవారి సంతకమును ముద్రయు వేయించి ఇచ్చితిమి. పదునైదు సంవత్సరముల నాలుగు నెలలు. ఆమె ఆ కాగితమును కొంగున ముడివేసికొని పరుగెత్తిపోయెను.

అది ఎంత విలువగల కాగితమో అప్పుడు మాకు తెలియదు. 2015లో పార్లమెంటు చేసిన బాలన్యాయచట్టము 2016 జనవరి 15వ తేదినుండి అమలులోనికి వచ్చినది. ఒకని వయస్సునుగూర్చి సందేహము కలిగినప్పుడు మొట్టమొదట చూడవలసినది బడివారిచ్చిన పుట్టినతేది పత్రమో, మెట్రిక్యులేషన్ పత్రమో అని ఆ చట్టము చెప్పుచున్నది. అది లేనప్పుడే పురపాలకసంఘము లేక పంచాయతివారి జననపత్రము. అదియు లేనప్పుడే వైద్యులు ఎముకలను పరీక్షించుట. అనగా డాక్టరుగారి యంత్రముకంటె ముందు బడిపంతులు వ్రాసిన పంక్తికి విలువ ఇచ్చినారు. పదునెనిమిదేండ్లు నిండనివాడని తేలినచో ఆ బాలుని లాకప్పునందుగాని జైలునందుగాని ఉంచరాదు. ఇరువదినాలుగు గంటలలోపల, ప్రయాణకాలము మినహాయించి, బాలన్యాయమండలి యెదుట, అనగా జువెనైల్ జస్టిస్ బోర్డు యెదుట, నిలువబెట్టవలెను. ఆ మండలిలో ఒక మేజిస్ట్రేటును, ఇద్దరు సంఘసేవకులును ఉందురు. ఆ ఇద్దరిలో ఒకరైనను స్త్రీ కావలెను. అట్టి బాలుని "నేరస్థుడు" అనికూడ ఆ చట్టము పిలువదు. "చట్టముతో సంఘర్షణకు లోనైన బాలుడు" అనును. మాట కొంచెము పొడుగే గాని, అందొక మర్యాద యున్నది.

ఈ మర్యాద ఒక్కనాట వచ్చినది కాదు. పిల్లలకు వేరుగా ఒక న్యాయస్థానముండవలెనని 1899లో అమెరికాలోని చికాగో పట్టణమున మొదట ఏర్పాటు చేసిరి. మన దేశమున 1897 నాటి రిఫార్మేటరీ స్కూళ్ల చట్టము బాలురను జైలునుండి తప్పించి శిక్షణాలయములకు పంపు మార్గము చూపెను. 1920లో మదరాసు ప్రభుత్వము పిల్లలచట్టమును చేసెను. ఆనాడు మదరాసు రాజధానిలోనున్న తెలుగుజిల్లాలు దానిక్రిందికి వచ్చినవి. దేశమంతటికిని ఒకే చట్టము 1986లో వచ్చినది. అందు మగపిల్లలకు పదునారేండ్లును, ఆడపిల్లలకు పదునెనిమిదేండ్లును హద్దుగా నుండెను. ఐక్యరాజ్యసమితివారి 1989 నాటి బాలలహక్కుల ఒడంబడికను మన దేశము 1992లో అంగీకరించినపిమ్మట, 2000 సంవత్సరపు చట్టము ఇరువురకును పదునెనిమిదేండ్లుగా హద్దును సమానము చేసినది. మా బాలుడు పాత హద్దు ప్రకారము కూడ బాలుడే; అయినను మీసము నూనూగుగా వచ్చినందుననే వాని వయస్సు తగవులోనికి వచ్చినది.

అతనిని సైదాబాదులోని పరిశీలనగృహమున కొన్ని దినములుంచి, పిమ్మట తల్లి పూచీమీద విడిచిరి. జరిగిన సంగతి ఇది. వీధిలో సెల్‌ఫోన్లు బాగుచేయు యిద్దరు పెద్దకుఱ్ఱవాండ్రు ఇతనిచేత ఒక ఫోను అమ్మించి కొంత డబ్బు ఇచ్చిరి. అది దొంగసొత్తని తనకు అనుమానము లేకపోలేదని అతడే తరువాత మాతో ఒప్పుకొనెను. కనుక అతడు ఏమియు ఎరుగని అమాయకుడని మేము చెప్పబోము. మండలివారు విచారించి, అతనికిని తలిదండ్రులకును హితవుచెప్పి, మందలించి, ఇంటికి పంపిరి. చిన్ననేరములకు చట్టము చూపిన మార్గములలో మొదటిది అదియే. అటనుండి వచ్చినపిమ్మట అతనిని దిద్దవలసిన పని మిగిలినవారిది. ఆ మిగిలినవారిలో బడి యొకటి.

1918 లేక 2018 అని చూడక, బడి యనునది ఎన్నడును ఒకటే విధముగ ప్రవర్తించునేమో. 2018 జనవరిలో అతడు తరగతిలోనికి తిరిగివచ్చెను. ప్రక్కబల్లవారు తమ పెన్నులపెట్టెలను సంచులలో దాచుకొనిరి. ఎవరో నల్లబల్లమీద సెల్‌ఫోను బొమ్మను వ్రాసిరి. మేము దానిని తుడిచివేసితిమి గాని, ఒక్కమాటయు అనలేదు. వారము తిరుగకమునుపే ఇరువురు తండ్రులు వచ్చి, తమ పిల్లలను అతని సరసన కూర్చుండబెట్టవలదని చెప్పిపోయిరి. ప్రధానోపాధ్యాయులవారు మమ్ము పిలిచి అభిప్రాయమడిగిరి. "ఒక్కనికొఱకు నలుబదిమంది తలిదండ్రులను నొప్పించుట యుక్తము కాదు. పరీక్షలు కాగానే సర్టిఫికెట్టు ఇచ్చి పంపుట అందరకును మేలు" అని మేమే చెప్పితిమి. వారు మా మాటను మన్నించిరి. ఇందు వారి తప్పు లేదు, సలహా మాది.

నిర్బంధవిద్యను గూర్చిన 2009 నాటి చట్టము ఎనిమిదవతరగతి ముగియువఱకు ఏ బిడ్డను బడినుండి వెడలగొట్టరాదని చెప్పుచున్నది. మా బాలుడు తొమ్మిదవతరగతివాడు. ఒక్క తరగతి తేడాతో ఆ గొడుగు అతనికి తప్పిపోయినది. మేమును వెడలగొట్టినామని అనలేదు; "తీసికొనిపొండు" అని మెత్తగా చెప్పితిమి. మెత్తగా చెప్పినంత మాత్రమున అర్థము మారునా?

జూన్ మాసమున ఆ తల్లి సర్టిఫికెట్టుకొఱకు వచ్చెను. మేము ఎప్పటివలె వరుసగా గడులు నింపితిమి. పుట్టినతేది వ్రాసితిమి. నడవడి యను గడివద్ద కలము ఒకింత ఆగినది. అబద్ధము వ్రాయరాదు గదా యని మమ్ము మేమే సమాధానపరచుకొని, "సంతృప్తికరము కాదు" అని వ్రాసితిమి. ఆమె కాగితమును చేతికి తీసికొని, "ఇక్కడేం రాశారండి?" అని ఆ గడినే వ్రేలితో చూపెను. చదివి చెప్పితిమి. ఆమె కొంతసేపు మాటాడలేదు.

"మేజిస్ట్రేటుగారు వాణ్ణి ఇంటికి తీసుకెళ్లి బాగా చదివించుకోమన్నారండి. మరి మీరిలా రాశారేంటండి?"

మావద్ద ప్రత్యుత్తరము లేకుండెను. "నియమమమ్మా" అని ఒక మాట అంటిమి. అట్టి నియమమేదియు లేదు.

ఆ కాగితముతో వారు రెండు బడులకు పోయిరట. రెండుచోట్లను గుమాస్తాలు ఆ గడివఱకు చదివి, స్థానములు లేవని చెప్పిరట. వాడు తండ్రివెంట లైట్లు మోయుటకు పోవుచున్నాడని కొన్నాళ్లకు వింటిమి. అప్పటికి యూసుఫ్‌గూడ నడివీధిలో మెట్రో స్తంభములు లేచియున్నవి. 2019లో రైళ్లును నడువసాగినవి. పేట మారిపోవుచుండెను. ప్రతియేట జూన్‌లో ఆ గడివద్దకు వచ్చినప్పుడు మా కలము కొంచెము ఆగుచునే యుండెను గాని, మేము ఇతర పనులలో పడి మరచితిమి.

2022వ సంవత్సరము మే నెలాఖరున జూబిలీహిల్స్‌లో ఒక మైనరు బాలికపై ఘోరమైన దౌర్జన్యము జరిగినది. నేరము మోపబడినవారిలో ఐదుగురు పదునెనిమిదేండ్లు నిండనివారని తెలిసినప్పుడు పట్టణమంతయు అట్టుడికినది. మా ఉపాధ్యాయుల గదిలోను వేరుమాట లేదు. పిల్లలని పేరుపెట్టి ఇట్టివారిని విడుచుట యేమి చట్టమని అందరితోపాటు మేమును కోపపడితిమి. ఆ వేడిలోనే, మా విద్యార్థులకు చట్టముగూర్చి చెప్పుటకై న్యాయసేవాధికార సంస్థ తరఫున ఒక న్యాయవాదినిగారు జూలై మాసమున మా బడికి వచ్చిరి.

వారు మొదట మా కోపమునకు ప్రత్యుత్తరము చెప్పిరి. 2012లో ఢిల్లీలో జరిగిన ఘోరము తరువాతనే 2015 చట్టమున ఒక మార్పు చేయబడినది. ఏడేండ్లు లేక అంతకుమించి కనీసశిక్షగల ఘోరనేరమును పదునారేండ్లు నిండినవాడు చేసినాడని అభియోగము వచ్చినప్పుడు, వాని మనస్సు, శక్తి, నేరము జరిగిన పరిస్థితులు, ఫలితము తెలియు జ్ఞానము వీనిని మండలి ముందుగా పరిశీలించి, పెద్దవానివలె విచారింపవలెనా కాదా యని నిర్ణయింపవచ్చును. కనుక చట్టము కన్నుమూసికొని యెల్లరను ఒకే గాట కట్టుటలేదు. ఘోరమును ఘోరముగనే చూచుచున్నది. ఆ హద్దునకు లోబడిన చిన్నతప్పులను చిన్నతప్పులుగా చూడుమని మాత్రము మనలను కోరుచున్నది.

పిమ్మట వారు డెబ్బదినాలుగవ సెక్షను చదివి వినిపించిరి. దౌర్జన్యమునకు గురియైన బిడ్డయైనను, సాక్షియైన బిడ్డయైనను, చట్టముతో సంఘర్షణకు లోనైన బిడ్డయైనను, వారి పేరు, చిరునామా, బడి, ఛాయాచిత్రము, గుర్తింపజాలు మఱి యే వివరమును పత్రికలలోగాని, సంచికలలోగాని, మఱి యేవిధమునగాని ప్రకటింపరాదు. అతిక్రమించినవారికి ఆరునెలలవఱకు కారాగారమో, రెండులక్షల రూపాయలవఱకు జరిమానాయో, రెండునో విధింపవచ్చును. ఆ దినములలో ఆ బాలికను గుర్తింపజేయు దృశ్యములు చేతిఫోనులలో తిరుగుచుండెను. "మీలో ఎందరు చూచినారు? ఎందరు మఱియొకరికి పంపినారు?" అని వారు అడిగినప్పుడు సభ నిశ్శబ్దమాయెను. బిడ్డకు అన్యాయము జరిగినదని కోపపడినవారే ఆ బిడ్డ ముఖమును వీధిపాలు చేసిరి.

అదే సెక్షనులో ఇంకొక చిన్న వాక్యమున్నది. కేసు ముగిసినపిమ్మట, ప్రవర్తనపత్రము నిమిత్తముగాని వేరొకందులకుగాని, పోలీసువారు ఆ బాలునిగూర్చిన రికార్డును బయటపెట్టరాదు. ఆ వాక్యము వినినప్పుడు మేము కూర్చున్న కుర్చీలోనే కుంగిపోతిమి. ఇరువదినాలుగవ సెక్షనులో, ఆ చట్టముననుసరించి విచారింపబడిన బిడ్డకు ఆ తీర్పువలన యే అనర్హతయు కలుగరాదనియు, ఘోరనేరముల విషయమున కొన్ని మినహాయింపులు తప్ప, గడువు తీరినపిమ్మట ఆ రికార్డులను నాశనము చేయవలెననియు ఉన్నది. పాతది చెరిపివేసి క్రొత్తగా మొదలుపెట్టుకొననిచ్చుట ఆ చట్టమునకు మూలసూత్రములలో ఒకటి.

పోలీసువారే వ్రాయరాదని చట్టము వారించిన మాటను బడిపంతులమైన మేము వ్రాసితిమి. ఆ వాక్యము పోలీసులనుద్దేశించినదే గాని పాఠశాలలను పేర్కొనలేదని ఎవరైన వాదింపవచ్చును. మేమును ఆ రాత్రి అట్లే వాదించి చూచుకొంటిమి; మనస్సు ఒప్పుకొనలేదు. పోలీసుస్టేషను తన పుస్తకమును మూసినది. మండలి తన దస్త్రమును మూసినది. మూయనిది మా సర్టిఫికెట్టు ఒక్కటే. న్యాయస్థానము మరచిన తప్పును పండితులము జ్ఞాపకముంచుకొని, ముద్రవేసి, తల్లిచేతికి ఇచ్చితిమి.

మఱునాడు ప్రధానోపాధ్యాయులవారితో సంగతియంతయు చెప్పితిమి. వారు చాలసేపు ఆలోచించి, "మీరే పోయి కనుగొని రండు" అనిరి. కృష్ణానగరులో రెండు సాయంకాలములు తిరిగిన పిమ్మట ఇల్లు దొరకినది. అతనికి అప్పటికి ఇరువదియేండ్లు. లైట్లు మోసి మోసి భుజములు విరివియైనవి. మమ్ము చూచి లేచి నిలిచి, "కూర్చోండి మాస్టారు" అని మంచముమీద దుప్పటి సర్దెను. ఆ తల్లి టీ తెచ్చియిచ్చెను. ఆమె పాతమాట ఒక్కటియు ఎత్తలేదు. ఎత్తియున్నచో మాకు కొంత తేలికగా నుండెడిది.

జరిగినది తప్పని చెప్పి, క్రొత్త సర్టిఫికెట్టు వ్రాసియిత్తుమనియు, ఓపెన్‌స్కూలుద్వారా పదవతరగతి పరీక్షకు కట్టవచ్చుననియు చెప్పితిమి. అతడు వెంటనే ఒప్పుకొనలేదు. "ఇప్పుడెందుకులెండి మాస్టారు, పని బాగానే ఉంది" అనెను. తల్లి మాత్రము, "కాయితం తీసుకోరా, నీది నీదగ్గరుండనీ" అనెను.

అతడు కార్యాలయమునకు వచ్చిన దినమున మేము నడవడి గడివద్దకు వచ్చి, "మిక్కిలి బాగు అని వ్రాయుదుమా?" అని అడిగితిమి. అతడు నవ్వి, "వద్దండి. అదీ మీకు తెలియదు కదండి. క్లాసులో ఎలా ఉండేవాణ్ణో అది రాయండి చాలు" అనెను. పాత పుస్తకములు తీసి చూచితిమి. ఐదేండ్లలో అతని పేర యే ఫిర్యాదును లేదు. ఎవరినైన కొట్టినట్లు లేదు. బల్ల విరుగగొట్టినట్లు లేదు. ఒక పద్యపఠనపు బహుమానము మాత్రము నమోదై యున్నది. 2018లో ఆ పుస్తకములను తీసి చూచినవారము కాము. ఆ బహుమానము మాచేతులతో ఇచ్చినదేయైనను, ఆనాడు మాకు జ్ఞాపకమునకు రాలేదు. "బాగు" అని వ్రాసి సంతకమునకు పంపితిమి. 2024లో అతడు పదవతరగతి ఉత్తీర్ణుడాయెను. ఇప్పటికిని లైట్లపనియే చేయుచున్నాడు. పోయిన చదువు అంతయు తిరిగివచ్చినదని మేము చెప్పలేము, నాలుగేండ్లు నాలుగేండ్లే.

ఆ యేటినుండి మా బడిలో ఒక ఏర్పాటు చేసికొంటిమి. నడవడి గడిలో బడిలోపల చూచినది మాత్రమే వ్రాయవలెను. బయట వినినది వ్రాయరాదు. అనుకూలము కాని మాట వ్రాయవలసివచ్చినచో ముగ్గురు ఉపాధ్యాయులు కూర్చుండి, పుస్తకములు చూచి, బిడ్డను పిలిచి అడిగినపిమ్మటనే వ్రాయవలెను. ఇంతవఱకు అట్టి అవసరము కలుగలేదు.

ప్రియ విద్యార్థులారా, మీకు మూడు సంగతులు విన్నవించి ముగింతుము. మీ పుట్టినతేది బడిపుస్తకమున సరిగానున్నదో లేదో మీ తలిదండ్రులతో వచ్చి ఒకసారి చూచుకొనుడు. ఏనాడు ఏ అవసరము వచ్చునో చెప్పలేము. మీలో ఎవరికైనను, మీ యిరుగుపొరుగు పిల్లలకైనను ఆపద కలిగినయెడల 1098 అను సంఖ్యకు ఫోను చేయుడు. అది పిల్లలకొఱకే యేర్పడినది, డబ్బు అక్కరలేదు. ఒక బిడ్డ తప్పుచేసియో, తప్పుచేసినవారి చేతిలో బాధపడియో మీ తరగతికి తిరిగివచ్చినప్పుడు, ఆ బిడ్డ ముఖమును ఫోనులలో త్రిప్పకుడు, పెన్నులపెట్టెను దాచుకొనకుడు, బల్లమీద కొంచెము జరిగి చోటిండు.

ఈ వ్యాసమున అతని పేరు మేము వ్రాయలేదు. అతని చేతికి అచ్చుప్రతి ఇచ్చి, చదివి అనుమతించినపిమ్మటనే దీనిని ముద్రణకు పంపితిమి. పద్యమునకు బహుమానము వచ్చిన సంగతి మాత్రము ఉంచుమని అతడు కోరెను. ఉంచితిమి.